పద్నాలుగు విభక్తులు

అరవై రెండో ఏట మళ్ళీ పలక పట్టాను.
మంగళవారం, గురువారం, సాయంత్రం ఆరింటికి,
నార్వాలో, మూతబడ్డ నూలు మిల్లు వెనక
హీటరు సరిగా వెలగని గదిలో.
పంతులమ్మ మారిత్ నా కూతురికంటే చిన్నది.
ఎస్తోనియన్‌కి పద్నాలుగు విభక్తులని బోర్డు మీద రాసి
మా మొహాలు చూసి
జాలిపడి కిటికీ మూసింది.

ఈ భాషలో భవిష్యత్కాలం లేదని కూడా చెప్పింది.
వెనక బెంచీలోంచి వెల్డరు గెన్నాదీ అన్నాడు:
"అది మాకు ముందే తెలుసు."

ఈ ఊళ్ళోనే పుట్టాను నేను.
అమ్మ ప్స్కోవ్ నుంచి మగ్గాల పనికొచ్చింది
ఒక ట్రంకుపెట్టె, ఒక జత ఫెల్టు బూట్లతో.
అప్పుడు ఏటికి అటూ ఇటూ ఒకటే దేశం.
నా ఇరవై తొమ్మిదో ఏట, ఆగస్టులో, దేశం మారింది.
నేను కదల్లేదు. ఆ రోజు నాది రెండో షిఫ్టు.
తర్వాతెప్పుడో బూడిదరంగు పాస్‌పోర్టు చేతిలో పెట్టారు.
పౌరసత్వం అన్న గడిలో: నిర్ణయం కాలేదు.
ఎవరి నిర్ణయమో రాయలేదు.

మా ఇంట్లో ముగ్గురికీ మూడు.
మా ఆయన ఫ్యోదర్ పింఛను లెక్కలేసుకుని రష్యా వాడయ్యాడు.
ఉల్యానా బళ్ళో భాష నేర్చి ఎస్తోనియా పిల్లయింది.
మూడు పాస్‌పోర్టులూ ఒకే బొత్తాల డబ్బాలో,
మూత పెడితే తగువులాడవు.
ఈ మధ్య టీవీ ముందు తండ్రీ కూతురూ
ఒకే బల్లకి రెండు సరిహద్దుల్లో కూచుని తింటున్నారు.
ఉప్పు అందించడానికి నేను కావాలి.

అమ్మ సమాధి అవతలి ఒడ్డున.
వంతెన మీద నడిచే వెళ్ళాలి, నాలుగ్గంటల క్యూ.
సంచిలో ఏమిటన్నాడు ఆఫీసరు కుర్రాడు.
కుంచె, బాబూ. సమాధి చుట్టూ కంచె తుప్పు పట్టింది,
వెండిరంగు అవతలే కొనుక్కుంటాను.
"పోయినవాళ్ళకి కూడా కంచేనా?" అని నవ్వాడు.
నేనూ నవ్వాను. వెనక క్యూలో ఎవరూ నవ్వలేదు.

కింద ఏట్లో పాములాంటి చేప ఒకటుంది, దవడ లేనిది.
నోటితో రాయి కరుచుకుని ఎదురీదుతుంది
ఎదురెదురు రెండు కోటల మధ్యనుంచి.
దాన్నెవరూ ఏ ఒడ్డుదానివని అడగరు.
ఏ ఒడ్డున చిక్కితే ఆ ఒడ్డువాళ్ళు వేయించుకుంటారు.

దేశం అన్న మాట ఇచ్చి
అన్ని విభక్తుల్లోనూ రాసుకు రమ్మంది మారిత్.
దేశపు. దేశంలో. దేశంలోకి. దేశంలోంచి.
దేశం మీద. దేశం దాకా. దేశంగా. దేశంతో.
లేకుండా అనడానిక్కూడా ఒక విభక్తి ఉంది ఇక్కడ,
మాట చివర చిన్న తోక, అంతే.
రాత్రి పదకొండు దాకా వంటింటి బల్ల మీద రాశాను.
ఉల్యానా ఎర్రపెన్నుతో దిద్దింది.
"అమ్మా, 'దేశం లేకుండా' ఒక్కటే తప్పు లేకుండా రాశావు."
పక్కగదిలోంచి ఫ్యోదర్ అరిచాడు:
"వాళ్ళకి కావలసింది వ్యాకరణం కాదే, దేశభక్తి!"
భక్తికేం, ఉంది. ఎటు తిరిగి దణ్ణం పెట్టాలో తెలీదు గానీ ఉంది.
రానిది విభక్తే.

పరీక్షలో కళ్ళజోడావిడ మెల్లగా అడిగింది:
మీరెక్కడివారు?
నార్వా నుంచి అనాలి. ఇరవైసార్లు చదివి వెళ్ళాను.
నార్వాతో, అన్నాను.
ఆవిడ పెన్సిలు కదిలింది. అరమార్కు పోయింది.
దిద్దుకోబోయి ఆగాను.
ఇన్నేళ్ళు కాపురం చేశాక
ఇంకే తోక తగిలించను?

ఫలితం పోస్టులో వస్తుందట, నెల దాటాక.
గోళ్ళ కింద వెండిరంగు ఇంకా పోలేదు,
కిరసనాయిలుతో తుడుచుకుంటున్నాను.
ముందుగదిలోంచి ఎవరో ఉప్పు అడుగుతున్నారు.
ఎవరన్నది సరిగా వినపడలేదు.
తీసుకెళ్తున్నాను.